ఫ్రాన్సు పాఠం, బాపు సంతకం

ఫ్రాన్సు రాజుల పేర్లు, రచయితల పేర్లు, తత్వవేత్తల పేర్లు నాకు ఇప్పటికీ నోటికి వచ్చు. ఏళ్ల తరబడి బడి పిల్లల చేత వల్లె వేయించిన దాన్ని, రాకుండా ఎలా ఉంటాయి? కానీ ఇందులో ఒక్క పేరు కూడా రాయను. అవన్నీ నేను మొదట ఒకే మనిషి నోట విన్నాను. ఆ మనిషి పేరు రాయడం నాకు ఇష్టం లేదు. ఆయన పేరు లేనప్పుడు ఆయన చెప్పిన వాళ్ల పేర్లు మాత్రం ఎందుకని అందరినీ వదిలేస్తున్నాను. కోపంగా ఉన్న మనిషి రాసేటప్పుడు ఇలాంటి పట్టింపులు ఉంటాయి.

జనగామలో మా ఇల్లు రైలు స్టేషన్‌కు దగ్గర. మా నాన్నను బాపు అనేవాళ్లం, ఊరికి పట్వారీ. ఊరి భూముల లెక్కలన్నీ ఆయన బస్తాల్లో ఉండేవి, ఆయన సంతకం లేనిదే తహసీలు కచేరీలో కాగితం కదిలేది కాదు. ముందు గది ఖాళీగా ఉంటే అద్దెకు ఇచ్చేవాళ్లం. నేను ఎనిమిదో తరగతిలో ఉండగా ఆ గదిలోకి ఒక సారు దిగారు. కృష్ణా నదికి అవతలి వారు, ఆంధ్ర వైపు. అప్పటికి ట్యూషన్లు చెప్పుకుంటూ ఉద్యోగం వెతుక్కుంటున్నారు. గది ఇచ్చింది అద్దెకే గాని, వారం తిరిగేసరికి ఆయన మా ఇంట్లోనే అన్నం తింటున్నారు. ఒంటరి మగమనిషి పొయ్యి దగ్గర పొగలో దగ్గుతుంటే మా అవ్వ, అంటే అమ్మ, చూడలేకపోయింది. "వండుకునుడు ఇడిసిపెట్టు సారూ, మా నలుగురితోని నువ్వొకనివి" అన్నది. ఆయన ఒకసారి వద్దన్నారు, రెండోసారి అనలేదు.

సాయంత్రాలు అరుగు మీద కూర్చుని ఆయన ఫ్రాన్సు కథ చెప్పేవారు. పుస్తకం పట్టుకునేవారు కాదు. ఒక పెద్ద రాజు ఉండేవాడనీ, అద్దాల మేడ కట్టించాడనీ, పొద్దున లేవగానే ఆయనకు చొక్కా అందించడానికి గొప్ప గొప్ప జమీందారులు పోటీ పడేవారనీ చెబితే బాపు పడీ పడీ నవ్వాడు.

"గిది మా దొర గడీల నేను సూసిన ముచ్చటనే సారూ. మా దగ్గర అంగి కాదు, చెప్పులు."

నేను ఈ కథలు వింటూ పెరిగాను. అక్క మాత్రం వింటూ ఊరుకునేది కాదు. అక్క నాకంటే ఏడేళ్లు పెద్దది, హన్మకొండలో టీచరు ట్రైనింగు అప్పుడే పూర్తి చేసి వచ్చింది. ఆయన ఒకటి చెబితే రెండు అడిగేది. అడిగిన ప్రతిసారీ ఆయన ముఖం వెలిగిపోయేది. "చూడు, ప్రశ్నంటే అలా ఉండాలి" అని నా వైపు తిరిగి అనేవారు. నేను ఎన్ని ప్రశ్నలు కూడబెట్టుకుని అడిగినా "ఊఁ, మంచిదే" అని దాటవేసేవారు. ఆ మెప్పు కోసం నేను చాలా కొట్టుకున్నాను. ఈ సంగతి కూడా చెప్పాలి, తర్వాత అవసరం పడుతుంది.

ఒకరోజు రాజుగారి చీటీల గురించి చెప్పారు. రాజు సంతకంతో ఉత్త చీటీలు ఉండేవట. కావలసిన వాళ్లు అందులో నచ్చని మనిషి పేరు రాసుకుంటే చాలు, విచారణ లేదు, అడిగేవాడు లేడు, ఆ మనిషి కోట జైలులో పడాల్సిందే. పాదిరీలను ఎగతాళి చేసి రాసే ఒక కవి కూడా ఆ కోటలో ఉండి వచ్చాడట. బాపుకు అది అస్సలు మింగుడు పడలేదు.

"ఏముందో సదువకుంట సంతకం ఎట్ల పెడతరు సారూ? సంతకమంటె మనిషి పానం గాదా?"

"రాజులండీ వాళ్లు. మీలాంటి నికార్సయిన వాళ్లు కాదు" అన్నారు సారు. బాపు సిగ్గుపడి చుట్ట వెలిగించుకున్నాడు.

ఇంకో రోజు ఒక తత్వవేత్త ముచ్చట వచ్చింది. పిల్లలను స్వేచ్ఛగా, ప్రేమగా ఎలా పెంచాలో పెద్ద గ్రంథం రాసి దేశాన్నంతా కదిలించిన వాడు. సొంత పిల్లలను మాత్రం పుట్టిన వాళ్లను పుట్టినట్టు అనాథాశ్రమంలో ఇచ్చేశాడు. అక్క చేతిలో చాట ఉంది. బియ్యం చెరగడం ఆపేసింది.

"అటువంటోడు చెప్పింది ఎట్ల నమ్మాలె సార్?"

"రాత చూడాలమ్మాయ్, బతుకు చూడకూడదు."

"ఎందుకు చూడొద్దు?"

ఆయన నవ్వి, జవాబు రేపు చెబుతానన్నారు. రేపు రాలేదు.

ఇంకొకటి చెప్పకపోతే నా కడుపు చల్లబడదు. ఆ దేశానికి చక్రవర్తి అయిన వాడు చిన్నప్పుడు ఎక్కడో ద్వీపం నుంచి సైనిక బడికి వచ్చాడట. వాడి యాస విని తోటి పిల్లలు ఏడిపించేవారట. అది చెబుతూ సారు కళ్లలో నీళ్లు పెట్టుకున్నారు. అదే సారు, మేము 'ఏంది' అంటే 'ఏమిటి అని నోరు తిరగదా మీకు' అని నవ్వేవారు. నేను ఆ రెండింటినీ కలిపి చూడలేదు. అక్క చూసింది. "ఆ పిలగాన్ని ఎక్కిరిచ్చినోళ్లు మీ తీర్గనే ఉంటుండెనా సార్?" అని ముఖం మీదే అడిగింది. అవ్వ లోపలి నుంచి అక్కను కోప్పడింది. సారు మాత్రం ఆ రోజు కూడా అక్కనే మెచ్చుకున్నారు.

నేను తొమ్మిదిలోకి వచ్చిన యేడు మా బడిలో చరిత్ర చెప్పే పోస్టు ఒకటి పడింది. సారు దరఖాస్తు పెట్టుకున్నారు, అక్కా పెట్టుకుంది. ఒకే ఇంటి నుంచి ఇద్దరూ ఇంటర్వ్యూకు పోయి, ఒకే బస్సులో తిరిగొచ్చారు. జాబితాలో ఆయన మొదట, అక్క రెండు. ఎంపికైన మనిషి కాగితాలు సరిగ్గా లేకపోతే రెండో మనిషికి ఇస్తారు. ఆయన కాగితాలన్నీ సరిగ్గానే ఉన్నాయట. ఆయన చేరిపోయారు. అవ్వ ఆ రోజు పాయసం వండింది. అక్క కూడా తిన్నది. "ఇంకో పోస్టు పడుతది తియ్యి బిడ్డా" అన్నాడు బాపు, అక్క ముఖం చూడకుండా. అప్పుడు నాకు అదేమీ వింతగా తోచలేదు.

తరువాతి యేడు తెలంగాణ ఉద్యమం వచ్చింది. అరవై తొమ్మిది. బళ్లు మూతపడ్డాయి, రైళ్లు ఆగి ఆగి నడిచాయి, గోడలన్నీ నినాదాలతో నిండాయి. ఆ రోజుల్లో మా వైపు సర్కారు కొలువు కావాలంటే ముల్కీ కాగితం దాఖలు చేయాలి. పదిహేనేళ్లుగా ఇక్కడే ఉంటున్న మనిషి అని ఊరి పట్వారీ సంతకం పెడితే, కచేరీ ముద్ర వేసి ఇచ్చే కాగితం అది. అవతలి వాళ్లు దొంగ కాగితాలతో మా కొలువులు పట్టుకుపోతున్నారన్నదే పిల్లల మంట. మా తరగతి పిల్లలు ఒకరోజు నన్ను అడిగారు, మీ ఇంట్లో ఉండే సారు ఎక్కడివాడని. నేనే చెప్పాను. నెలనెలా ఆయనకు ఏ ఊరి నుంచి ఉత్తరాలు వస్తాయో, మా ఇంట్లో దిగి ఎన్నాళ్లయిందో అంతా చెప్పాను. చెబుతుంటే నాకు గొప్పగా ఉంది. రాజుల మీద తిరగబడ్డ జనం కథ మాకు చెప్పింది ఆయనే కదా, అందులో నేనూ ఒకదాన్ని అనుకున్నాను.

మరునాడు పొద్దున పదింటికి ముప్పై నలభై మంది మా వాకిట్లో ఉన్నారు. అందరూ ఆయన దగ్గర చదువుకున్న వాళ్లే. బాపు అరుగు మీద ఉన్నాడు. సారు గదిలో నుంచి బయటికి వచ్చారు, భయపడుతూనే వచ్చారు గాని, చేతిలో ఒక కాగితం ఉంది.

"నేను ముల్కీనే. కావాలంటే చూసుకోండి. ఎవరి సంతకం ఉందో చదవండి."

ముందు నిలబడ్డ పిల్లవాడు కాగితం తీసుకుని గట్టిగా చదవడం మొదలుపెట్టాడు. ఫలానా వారు పదిహేను సంవత్సరములుగా జనగామలో స్థిరనివాసులై యున్నారని ధ్రువీకరించడమైనది. కింద పట్వారీ పేరు దగ్గరికి వచ్చేసరికి వాడి గొంతు తగ్గిపోయింది. తల ఎత్తి బాపు వైపు చూశాడు.

అక్క మెట్లు దిగి పోయి వాడి చేతిలో నుంచి కాగితం తీసుకుంది. సంతకం కంటే ముందు తేదీ చూసింది. జాబితా వచ్చిన వారం.

"గిది నీ సంతకమేనా బాపూ?"

బాపు అరుగు మీది నుంచి లేచి నిలబడ్డాడు.

"నేను రెండో దాన్నని నీకెరుకనేనా అప్పటికి?"

"అన్నం తినుకుంట అడిగిండు బిడ్డా" అన్నాడు బాపు. "మనింట్ల, మన కంచంల తినుకుంట అడిగిండు. ముఖం మీద ఎట్ల కాదంట? ఆడివిల్లవు, నీకు ఇయ్యాల కాకుంటె రేపు వస్తదనుకున్న."

ఉత్త చీటీ మీద సంతకం ఎట్ల పెడతారని అడిగిన మనిషి ఈయనే. ఈయన చదివి పెట్టాడు. ప్రతి అక్షరం అబద్ధమని తెలిసి, అది తన కూతురి కొలువని తెలిసి, ఎదుటి మనిషి చిన్నబుచ్చుకుంటాడని పెట్టాడు. మా వాళ్ల జబ్బు అదే. ఇంటికొచ్చిన వాడి ముఖం చిన్నబోతే చూడలేరు గాని, ఇంట్లో దాని బతుకు చిన్నబోతే చూడగలరు.

పిల్లలు సారు మీదికి కదిలారు. అక్క అడ్డం నిలబడి, "ఆయనను ఏమనకుండ్రి. సామాను స్టేషన్ల దించి రాండ్రి" అన్నది. పెట్టె ఒకడు, పరుపుచుట్ట ఒకడు ఎత్తుకున్నారు. సారు పోతూ పోతూ అవ్వకు దండం పెట్టారు. అక్క వైపు చూడలేదు.

పోస్టు ఖాళీ అయింది కదా, ఇక అక్కకే వస్తుందని నేను సంబరపడ్డాను. పిలుపు కూడా వచ్చింది. ముల్కీ కాగితం తెమ్మన్నారు. ఈ మట్టిలో పుట్టిన పిల్లకు కాగితం ఎంతసేపు? కానీ అప్పటికే ఎవరో తహసీలుకు అర్జీ పెట్టారు. ఈ పట్వారీ సంతకం పెట్టిన కాగితాలన్నీ తిరగతోడాలని పైనుంచి హుకుం వచ్చింది. విచారణ తేలేదాకా ఆయన సంతకం చెల్లదన్నారు. అక్క చదువు చూపిద్దామంటే అయిదు దాకా ఇక్కడ, ఆ తర్వాత మానుకోటలో మేనమామ ఇంట్లో, ట్రైనింగు హన్మకొండలో. పదిహేనేళ్లు ఒకచోట ఉన్నట్టు ఏదమ్మా రుజువు అని కచేరీ గుమస్తా అడిగాడట. అవతలి నుంచి వచ్చిన మనిషిని ఒక్క సంతకంతో ఇక్కడివాడిని చేసిన ఇంట్లో, ఇక్కడి పిల్లను ఇక్కడిదని చెప్పేవాడు లేకుండా పోయాడు. విచారణ తేలడానికి పట్టినన్ని రోజులు పట్టింది. అంతలో ఆ కుర్చీలో ఇంకొకరు కూర్చున్నారు.

బాపు పట్వారీగిరీ పోయింది. అది ఆయన అనుకున్నంత పెద్ద శిక్ష కాదు, నా లెక్కలో. కానీ ఆ తర్వాత ఆయన సంతకం పెట్టడం మానేశాడు. మామ మనియార్డరు పంపితే పోస్టుమాన్ కలం ఇవ్వబోయాడు. బాపు బొటనవేలు చాపాడు. ఉర్దూ, తెలుగు రెండూ ముత్యాల్లా రాసే మనిషి, చచ్చేదాకా వేలిముద్రే వేశాడు. అక్క ఆయనను ఒక్క మాట అనలేదు. నేనయితే అనేదాన్ని. చాలాసార్లు అన్నాను కూడా.

ఉద్యమం పెద్దలు వాళ్ల దారి వాళ్లు చూసుకున్నారు, కుర్చీలు దొరికిన వాళ్లు కుర్చీలెక్కారు. పిల్లలకు ఒక సంవత్సరం చదువు పోయింది, కొందరికి ప్రాణమే పోయింది. అక్క మానుకోటలో మామ ఇంటి నుంచి ట్యూషన్లు చెబుతూ ఎక్కడ పోస్టు పడినా దరఖాస్తు పెట్టింది. గంగారం అడవిలో ఎవరూ పోని బడి ఉంటే దానికీ పెట్టింది. కొత్తగా వచ్చిన పట్వారీ మా ఇంటి పేరు వింటేనే సంతకానికి జంకేవాడు, ప్రతిసారీ ఆ కాగితం దగ్గరే ఆగిపోయేది. కొన్నేళ్లకు నియమాలు మారి, ఆ కాగితమే అవసరం లేకుండా పోయింది. అప్పటికి అక్కకు వయసు దాటిపోయింది. నాకు దాటలేదు. నాకు వచ్చింది.

ఎనభైల్లో నేను కాటారంలో చరిత్ర టీచర్ని. అక్క నా దగ్గరే ఉండేది. ఇప్పుడు అసలు సంగతి చెబుతున్నాను. నా పాఠాలు నావి కావు. రేపటి పాఠం అక్క ఇవాళే చదివి, నోట్సు రాసి పెట్టేది. ఏ పిల్లవాడికి ఏది అర్థం కాదో, ఎక్కడ ఆపి ఏ ప్రశ్న వేయాలో అన్నీ అందులోనే. నేను దాన్ని నా అక్షరాల్లో ఎత్తి రాసుకుని బడికి పోయి చెప్పేదాన్ని. పిల్లల జవాబు కాగితాలు కూడా అక్కే దిద్దేది. మా బడికి మంచి పేరొచ్చింది. నాకు వచ్చిందంటే సరిపోతుంది.

ఒక రోజు తనిఖీకి పెద్ద అధికారి వస్తున్నారని బడికి సర్క్యులరు వచ్చింది. కింద పేరు రెండుసార్లు చదివాను. ఆ సారే. అవతల చేరి, సర్వీసు ఎక్కడా తెగకుండా, మెట్టు మెట్టు ఎక్కి, బదిలీ మీద మళ్లీ మా వైపే వచ్చారు. ఇంటికి తెచ్చి అక్కకు చూపించాను. అక్క చాలాసేపు ఆ పేరును చూసింది. తిడుతుందనుకున్నాను.

"ఆ రోజు ఫ్రాన్సు పాఠమే పెట్టుకో చెల్లె" అన్నది. నోట్సు రాసింది. చివరలో పిల్లల చర్చకు ఒక ప్రశ్న పెట్టింది. రాతకూ బతుకుకూ పొంతన లేని వాడిని గురువు అనవచ్చునా? ఎందుకు అనవచ్చు, ఎందుకు కూడదు?

"గిది సూస్తె ఆయనకు యాదికొస్తది. ఎవలు రాసిన్రని అడుగుతడు. అడిగితె నా పేరు చెప్పు. ఇంకేం అనకు, నా పేరొక్కటి చెప్పు."

జీవితం మొత్తం మీద అక్క నన్ను అడిగింది అదొక్కటే.

ఆయన జీపులో భూపాలపల్లి మీదుగా వచ్చారు. జుట్టు తెల్లబడింది, గొంతు మారలేదు. నేను పాఠం చెబుతుంటే వెనక బెంచీలో కూర్చుని విన్నారు. నన్ను గుర్తుపట్టలేదు. పాఠం అయ్యాక స్టాఫ్‌రూములో నా నోట్సు తెరిచారు.

"ఏ ఊరమ్మా మీది?"

"జనగామ సార్."

"జనగామా? నేను కొన్నాళ్లు చేశానక్కడ. చాలా మంచివాళ్లు. ఎదుటి మనిషికి కాదని చెప్పడం తెలియదు వాళ్లకి."

ఆ మాట అన్నప్పుడు ఆయన గొంతులో వెటకారం లేదు. ఉంటే బాగుండేది. మెచ్చుకుంటున్నారు. పదిహేనేళ్లుగా నేను మనసులో కూడబెట్టుకున్న మాటలన్నీ నోటి దాకా వచ్చాయి. ఆయన పేజీలు తిప్పుతున్నారు. చివరి పేజీలో ఆ ప్రశ్న దగ్గర వేలు ఆగింది. కళ్లజోడు తీశారు, తుడిచారు, మళ్లీ పెట్టుకుని చదివారు.

"ఈ ప్రశ్న ఎవరు రాశారు?"

అక్క పేరు మూడే అక్షరాలు. చెబితే అయిపోయేది. పాఠాలు ఇతరుల చేత రాయించుకుంటున్నందుకు మెమో ఇస్తారన్న భయం ఉందని తర్వాత నాకు నేను చెప్పుకున్నాను. అది నిజం కాదు. ఆయన నా ముఖంలోకి చూస్తున్నారు, నా ఎనిమిదో తరగతి రోజుల్లో అరుగు మీద అక్కను చూసినట్టు చూస్తున్నారు.

"నేనే సార్" అన్నాను.

"చూడండి, ప్రశ్నంటే అలా ఉండాలి" అని ఆయన హెడ్‌మాస్టరుతో అన్నారు. కలం తీసి ఆకుపచ్చ సిరాతో ఆ పేజీ కింద సంతకం చేశారు.

ఇంటికి వచ్చేసరికి అక్క వాకిట్లోనే నిలబడి ఉంది. పొద్దున వండిన అన్నం గిన్నె మూత తీయలేదని వాకిట్లో నుంచే తెలుస్తోంది.

"ప్రశ్న సూసిండా?"

"సూసిండు."

"ఎవలు రాసిన్రని అడిగిండా?"

"అడగలే" అన్నాను.

అక్క "మర్సిపోయిండు కావచ్చు తియ్యి" అని లోపలికి పోయింది. అన్నం వడ్డించింది. తిన్నాక నోట్సు తెచ్చి మరునాటి పాఠం రాయడానికి కూర్చుంది. కిరీటాన్ని ఎవరి చేతా పెట్టించుకోకుండా తానే తీసి తల మీద పెట్టుకున్న చక్రవర్తి పాఠం అది. రాసి ఇస్తే, నా అక్షరాల్లో ఎత్తి రాసుకున్నాను.

బాపును అన్నేళ్లు తిట్టాను. ఆయన కనీసం తన చేతిని శిక్షించుకున్నాడు. నేను ఆ తర్వాత కూడా చాలా ఏళ్లు అదే నోటితో పాఠాలు చెప్పాను, జీతం తీసుకున్నాను, మంచి టీచరు అనిపించుకున్నాను. అక్క పోయి ఇప్పటికి కొన్నేళ్లయింది. సారు తనను మర్చిపోయారనే అనుకుంటూ పోయింది.

ఇందులో ఎవరి పేర్లూ ఎందుకు రాయలేదో మొదట్లో ఒక కారణం చెప్పాను. అది కారణం కాదు. చెప్పమన్న ఒక్క పేరు చెప్పమన్న చోట చెప్పలేదు. ఇప్పుడు ఇంకెవరి పేరు రాయడానికీ నాకు ముఖం చెల్లదు.